గుండమ్మ గడుసుదనం వెనుక నరసరాజు కలం

సీమ దర్శక నిర్మాతల చిత్రాలతో రాణించిన కుటుంబ కథా రచయిత

ఓర్వకల్లు: కర్నూలు - నంద్యాల రహదారిపై ఉన్న ఓర్వకల్లు రాతివనం సినిమా చిత్రీకరణలకు పేరుపొందింది. 2013 జులైలో 'బాహుబలి' చిత్రీకరణ ఇక్కడే మొదలైంది. షూటింగ్ జరిగిన చోటునూ, నటించిన తారలనూ జనం ఏళ్ల తరబడి గుర్తుంచుకొంటారు. ఆ తారలు పలికే మాటలు ఎవరు రాశారన్నది మాత్రం చాలామందికి తెలియదు. ఇంటిల్లిపాదీ కలిసి చూసే చిత్రాలకు ప్రాణం పోసిన డి.వి.నరసరాజు పేరు నేటి తరంలో ఎందరికి తెలుసన్నది ప్రశ్నే.

నాటకరంగం నుంచి..

దాట్ల వెంకట నరసరాజు 1920లో గుంటూరు జిల్లాలో జన్మించారు. నాటక రచయితగా పేరు తెచ్చుకున్న ఆయనకు చిత్రరంగంలో దారి చూపింది రాయలసీమ వాసే కావడం విశేషం. తాడిపత్రికి చెందిన దర్శకుడు కె.వి.రెడ్డి 1954లో 'పెద్దమనుషులు' చిత్రానికి ఆయనతో మాటలు రాయించారు. ఇబ్సెన్ నాటకం స్ఫూర్తితో వచ్చిన ఈ చిత్రం పెద్దమనిషి ముసుగులో సాగే మోసాన్ని ఎండగట్టింది. మరుసటి ఏడాది అన్నాచెల్లెళ్ల అనుబంధమే ఇతివృత్తంగా వచ్చిన 'దొంగరాముడు'కూ ఆయన రచన చేశారు.

దుర్మార్గం కాదు, బలహీనత

కడప జిల్లా పొట్టిపాడుకు చెందిన బి.నాగిరెడ్డి, తెనాలి ప్రాంతానికి చెందిన చక్రపాణి కలిసి 1962లో 'గుండమ్మ కథ' నిర్మించారు. 1958 నాటి కన్నడ చిత్రం దీనికి మూలం. తొలుత సిద్ధమైన కథనం అదే రూపంలో తెరకెక్కలేదు. చక్రపాణి దానిని షేక్‌స్పియర్ నాటకంలోని గయ్యాళి భార్య కథను దృష్టిలో ఉంచుకొని తిరిగి మలిచారు. సంభాషణలు నరసరాజు రాశారు. ఎన్టీఆర్‌కు ఇది నూరో చిత్రం, ఏఎన్నార్‌కు తొంభై తొమ్మిదోది.

కుటుంబ కథ ఎలా నిలబడుతుందో ఈ చిత్రం చెబుతుంది. సవతి కూతురిని పనిమనిషిగా చూసే గుండమ్మ మీద ప్రేక్షకులకు కోపం వస్తుంది గానీ అసహ్యం కలగదు. ఆమె నోరు పెద్దది, ఎవరేం చెప్పినా నమ్మే మనసు. గారాబంతో పెరిగిన సరోజ ఒళ్లు వంచి పని చేయడం నేర్చుకొంటుంది. ఇందులో తగవులన్నీ వంటింట్లోనూ, వాకిట్లోనూ పుట్టేవే. తప్పు చేసిన వారిని ఇంటి నుంచి వెళ్లగొట్టకుండా, వారిని మార్చి తిరిగి అదే ఇంట్లో కూర్చోబెట్టడమే ఇటువంటి కథల కీలకం. అందుకు పెద్ద పెద్ద ఉపన్యాసాలు అక్కర్లేదు. ఇంట్లో మాట్లాడుకునే మాటల్లోనే ఎత్తిపొడుపు, నవ్వు, పశ్చాత్తాపం పలికితే చాలు.

రాష్ట్రం దాటిన కథ

1964లో డి.రామానాయుడు సురేష్ ప్రొడక్షన్స్ తొలి చిత్రంగా నిర్మించిన 'రాముడు భీముడు'కు కథ, మాటలు నరసరాజువే. బావ చేతిలో దెబ్బలు తినే పిరికివాడి స్థానంలోకి అచ్చం అతనిలాగే ఉండే ధైర్యశాలి రావడం ఇందులోని కిటుకు. ఈ కథ 1965లో తమిళంలో ఎంజీఆర్‌తో, 1967లో హిందీలో దిలీప్‌కుమార్‌తో తెరకెక్కి ఆ భాషల ప్రేక్షకులనూ అలరించింది. 1977లో వచ్చిన 'యమగోల'లో యమలోకాన్నే నవ్వులకు వేదిక చేశారు. 1986లో 'కారు దిద్దిన కాపురం' చిత్రానికి దర్శకత్వమూ వహించారు.

నరసరాజు 2006 ఆగస్టులో కన్నుమూశారు. సినీ అనుభవాలను 'తెరవెనుక కథలు'గానూ, తన జీవితాన్ని 'అదృష్టవంతుని ఆత్మకథ'గానూ గ్రంథస్థం చేశారు. రాతివనంలో కెమెరాలను చూసి సినిమాపై మక్కువ పెంచుకునే సీమ యువత ఈ పుస్తకాలను చదవడం మేలు. కొండలు, గుట్టలు దృశ్యానికి అందం తెస్తాయి. ఆ దృశ్యంలో మనుషులు ఏం మాట్లాడుకోవాలన్నది మాత్రం రచయితే తేల్చాలి.