ఉల్రిష్ మ్యూహె: కదలని ముఖంతో నటన

1984 నాటి తూర్పు బెర్లిన్. ఒక నాటక రచయిత ఉండే భవనం అటక మీద హెడ్‌ఫోన్లు పెట్టుకుని, ఆ ఇంట్లోవాళ్ల ప్రతి మాటా వింటుంటాడు రహస్య పోలీసు అధికారి గెర్డ్ వీస్లర్. 2006లో వచ్చిన ‘ద లైవ్స్ ఆఫ్ అదర్స్’లో ఈ పాత్రకు గాను ఉల్రిష్ మ్యూహెకు ఉత్తమ నటుడిగా యూరోపియన్ ఫిల్మ్ అవార్డు దక్కింది, సినిమాకు ఆస్కార్ వచ్చింది. ఆయన అంత బాగా నటించడానికి సొంత జీవితమే కారణమని చాలామంది అంటారు. అందులో కొంత నిజముంది. కానీ ఆ ఒక్క మాటతో సరిపెడితే ఆయన పనితనానికి అన్యాయం చేసినట్టే.

అలా అనేవాళ్ల ఆధారాలు గట్టివే. మ్యూహె 1953లో తూర్పు జర్మనీలోని గ్రిమ్మాలో పుట్టారు. సైనిక సేవలో బెర్లిన్ గోడ దగ్గర కాపలా కాశారు, లైప్‌జిగ్‌లో నటన నేర్చుకున్నారు, బెర్లిన్‌లోని డాయిషెస్ థియేటర్‌లో పేరు తెచ్చుకున్నారు. 1989 నవంబరు 4న తూర్పు బెర్లిన్‌లోని అలెగ్జాండర్‌ప్లాట్జ్‌లో ప్రభుత్వానికి వ్యతిరేకంగా జరిగిన మహా నిరసన సభలో వేదికెక్కినవాళ్లలో ఆయనా ఒకరు. అయితే నిఘా నీడలో బతికిన అనుభవం ఆ దేశంలో లక్షలమందిది. వాళ్లందరూ వీస్లర్‌ను అలా పోషించగలిగేవాళ్లు కాదు. పైగా వీస్లర్ ముఖంలోని ఆ నిశ్చలత్వం తూర్పు జర్మనీతో ఏ సంబంధమూ లేని సినిమాల్లో ముందే కనిపిస్తుంది. మైఖేల్ హనెకె తీసిన ‘బెన్నీస్ వీడియో’ (1992)లో కొడుకు ఒక అమ్మాయిని చంపాడని తెలిసిన తండ్రి (మ్యూహె), ఆ నేరాన్ని ఎలా కప్పిపుచ్చాలా అని భార్యతో చర్చిస్తాడు. ఇంటి ఖర్చుల లెక్క చూస్తున్నట్టే ఉంటుంది ఆ గొంతు. చూసేవాళ్లను వణికించేది అదే. ‘ఫన్నీ గేమ్స్’ (1997)లో ఆయన పోషించిన తండ్రికి మొదట్లోనే కాలు విరుగుతుంది. కుటుంబాన్ని కాపాడుకోలేని అవమానమంతా ఆ తర్వాత ముఖంలోనే చూపించాలి.

వీస్లర్‌లోనూ ఆయన చేసింది ఇదే, ఇంకా సూక్ష్మంగా. అటక మీద పియానో సంగీతం వింటూ అతను కన్నీరు పెడతాడు, ముఖకవళికలు మాత్రం దాదాపు మారవు. నటుడు దాచిపెట్టినదాన్ని ప్రేక్షకుడే పూరించుకుంటాడు.

ఇంతటి నటుడు టీవీ సీరియల్‌లో ఏళ్లు వృథా చేసుకున్నారనే విమర్శ కూడా ఉంటుంది. జడ్‌డీఎఫ్ ఛానెల్‌లో 1998 నుంచి 2007 దాకా నడిచిన ‘డేర్ లెట్స్టె త్సోయిగె’లో ఆయన శవపరీక్షలు చేసే వైద్యుడు రాబర్ట్ కోల్‌మార్. పేరుకు నేరపరిశోధన సీరియలే, ఒక పద్ధతిలో సాగేదే. కానీ నోరు విప్పలేని శవం నుంచి నిజం రాబట్టే మనిషిని ఏటేటా పోషించడం కన్నా, అవతలివాళ్ల మాటలు వింటూ కూర్చునే వీస్లర్‌కు మంచి సాధన ఏముంటుంది? వీస్లర్‌ను పోషించిన రోజుల్లోనూ కోల్‌మార్‌ను ఆయన వదల్లేదు. 2007 జులైలో, 54 ఏళ్ల వయసులో, కడుపు క్యాన్సర్‌తో చనిపోయేనాటికి జర్మనీలో ఎన్నో ఇళ్లకు ఆయన ముందు కోల్‌మార్, ఆ తర్వాతే వీస్లర్.