పాత ఫోన్‌లో చోటు కావాలంటే ముందు తీయాల్సింది ఫొటోలు కాదు

ఇంట్లోకి కొత్త ఫోన్ వచ్చినంత మాత్రాన పాతది మూలన పడదు. అమ్మకో, నాన్నకో, ఊళ్ళో ఉన్న అమ్మమ్మకో చేరుతుంది. 2016 సెప్టెంబరులో జియో వచ్చిన రోజుల్లో చవగ్గా దొరికిన ఫోన్లలో చాలావాటికి 16 జీబీ స్టోరేజే ఉండేది. 2015 నాటి శాంసంగ్ గెలాక్సీ జె2కి అయితే 8 జీబీయే. అందులో ఆండ్రాయిడ్ తన వాటా తీసుకోగా మిగిలేది కొంచెం. ఆ కొంచెంలోనే సెలవులకు వచ్చిన మనవలు ఎక్కించిన గేములు, కుటుంబ గ్రూపుల్లో తెల్లారేసరికి వచ్చిపడే శుభోదయాలు, భక్తి వీడియోలు అన్నీ సర్దుకోవాలి. ఒకరోజు ‘స్టోరేజ్ నిండిపోయింది’ అని తెర మీద పడుతుంది. ఆ కంగారులో జనం ముందు చెయ్యి పెట్టేది గ్యాలరీలో. పెళ్ళి ఫొటోలు, పోయిన మనిషి గొంతున్న వీడియో, పిల్లల ముద్దుమాటలు చెరిగిపోతాయి. రెండేళ్ళుగా ఎవరూ తెరవని కారు రేసు మాత్రం భద్రంగా ఉంటుంది.

నాకు బాధ కలిగించేది ఇదే. గేమును ఎప్పుడు కావాలన్నా మళ్ళీ దించుకోవచ్చు. ఆ వీడియోను ఎక్కడినుంచి తెస్తాం? నోటిమాటగా తిరిగే కొన్ని అపోహల వల్లే ఈ వరస తారుమారవుతోంది.

అపోహ: ఐకాన్ తీసేశాం కదా, గేము పోయినట్టే

పోలేదు. ఐకాన్‌ను నొక్కి పట్టుకుంటే చాలా ఫోన్లలో ‘రిమూవ్’, ‘అన్‌ఇన్‌స్టాల్’ అని రెండు మాటలు కనిపిస్తాయి. మొదటిది తెర మీది గుర్తును మాత్రమే తీసేస్తుంది. గేము ఎక్కడికీ పోదు, ఒక్క ఎంబీ కూడా ఖాళీ కాదు. ఐఫోన్‌లోనూ ఇంతే: ‘రిమూవ్ ఫ్రమ్ హోమ్ స్క్రీన్’ వేరు, ‘డిలీట్ యాప్’ వేరు.

ఒక్కోటీ వెతికి తీయడం విసుగనిపిస్తే ప్లేస్టోర్ తెరిచి, పైన మూలనున్న మీ బొమ్మ నొక్కి, ‘మేనేజ్ యాప్స్ అండ్ డివైస్’లో ‘మేనేజ్’లోకి వెళ్ళండి. అక్కడ యాప్‌లను సైజు వరసలోనో, తక్కువ వాడిన వరసలోనో పెట్టుకోవచ్చు. అక్కర్లేని వాటి పక్కన టిక్కులు పెట్టి ఒకేసారి తీసేయవచ్చు.

అపోహ: ప్లేస్టోర్‌లో 150 ఎంబీ అనే ఉంది, అది తీస్తే ఏం ఒరుగుతుంది?

ప్లేస్టోర్ చూపేది దించుకునే సైజు. ఫోన్‌లోకి వచ్చి విప్పుకున్నాక యాప్ అంతకంటే పెద్దదవుతుంది. పైగా పెద్ద గేములు మొదటిసారి తెరవగానే ‘రిసోర్సులు డౌన్‌లోడ్ చేయాలి’ అంటాయి. మ్యాపులు, బొమ్మలు, పాటలు అన్నీ అప్పుడు దిగుతాయి. పండగ వస్తే కొత్త ప్యాక్, సీజన్ మారితే ఇంకో ప్యాక్. ప్లేస్టోర్ అంకె చూసి చిన్నదనుకున్న గేము ఫోన్‌లో జీబీలు మింగి కూర్చోవచ్చు.

ఎంత మింగిందో చూసుకోవడానికి రెండు నిమిషాలు చాలు. సెట్టింగ్స్‌లో ‘యాప్స్’ తెరిచి, గేము పేరు నొక్కి, ‘స్టోరేజ్’లోకి వెళ్ళండి. మూడు అంకెలుంటాయి. మొదటిది యాప్ సైజు, రెండోది యూజర్ డేటా, మూడోది క్యాషె, అంటే యాప్ తాత్కాలికంగా దాచుకునే ఫైళ్ళు. తర్వాత దిగిన సరుకులో చాలాభాగం లెక్క రెండోదాంట్లో తేలుతుంది. ఏది తీయాలో తేల్చుకోవాల్సింది ఈ మూడింటి మొత్తం చూసి.

గేమును అన్‌ఇన్‌స్టాల్ చేస్తే దాని సొంత ఫోల్డర్‌లో ఉన్నవన్నీ దాంతోపాటే పోతాయి. పిల్లలు ఆడుతూ తీసుకున్న స్క్రీన్ రికార్డింగులు మాత్రం పోవు. పది నిమిషాల ఆట వీడియో కొన్నిసార్లు ఆ గేమంత చోటు తినేస్తుంది. బయటినుంచి తెచ్చి ఎక్కించిన గేముల ఏపీకే (ఇన్‌స్టాల్) ఫైళ్ళు కూడా డౌన్‌లోడ్స్ ఫోల్డర్‌లో అలాగే ఉండిపోతాయి. ఈ రెండు చోట్లూ చూడనిదే గేము పూర్తిగా తీసినట్టు కాదు.

నిషేధించిన గేముల సంగతీ ఇలాంటిదే. పబ్‌జీ మొబైల్‌ను కేంద్రం 2020 సెప్టెంబరు 2న నిషేధించింది. అక్టోబరు 30తో మన దేశంలో దాని సర్వర్లు ఆగిపోయాయి. నిషేధం వస్తే గేము పనిచేయదేమో గానీ, ఫోన్‌లో ఎక్కి ఉన్న ఫైళ్ళు వాటంతటవే మాయం కావు. ఆనాటి ఫోన్ మీ ఇంట్లో ఇంకా నడుస్తుంటే ఒకసారి చూడండి.

అపోహ: తీసేస్తే పిల్లాడి లెవెల్స్ అన్నీ పోతాయి

గేము తీయకపోవడానికి పెద్దవాళ్ళు చెప్పే కారణాల్లో ఇదే ఎక్కువ వినిపిస్తుంది. మనవడు వేసవి సెలవులకు వచ్చి అడిగితే ఏం చెప్పాలని వాళ్ళ దిగులు. గూగుల్, ఫేస్‌బుక్ వంటి ఖాతాతో లాగిన్ అయి ఆడే చాలా గేముల్లో లెవెల్స్, నాణేలు, కొన్న దుస్తులు ఉండేది కంపెనీ సర్వర్‌లో. ఫోన్‌లోంచి గేము తీసేసినా ఆ ఖాతా చెక్కుచెదరదు. 2021 జులైలో బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా వచ్చినప్పుడు, పాత పబ్‌జీలో ఖాతా ఉన్నవాళ్ళకు తమ సామగ్రిని అందులోకి తెచ్చుకునే వీలు కల్పించారు. గేమే మారిపోయినా ఖాతాలోది దక్కింది.

లాగిన్ లేకుండా ‘గెస్ట్’గా ఆడితే మాత్రం భయపడాల్సిందే. అక్కడ ఆట లెక్కలు చాలావరకు ఆ ఫోన్‌తోనే ముడిపడి ఉంటాయి. తీసే ముందు గేము సెట్టింగ్స్‌లోకి వెళ్ళి ఏ ఖాతా కలిపి ఉందో చూడండి. ఏదీ లేకపోతే కలపండి, ఆ తర్వాతే తీయండి. పిల్లలకు ఆ సంగతి ముందుగా చెప్పడం కూడా అవసరమే. వాళ్ళకది నెలల కష్టం.

ఆడాలని ఉంది, చోటూ కావాలి అనుకునేవాళ్ళకు మధ్యేమార్గం ఒకటుంది. వాడని యాప్‌లను తనంతట తానే ఆర్కైవ్ చేసే వీలును ప్లేస్టోర్‌లో గూగుల్ 2023 ఏప్రిల్‌లో ప్రకటించింది. ఐకాన్, మీ డేటా ఉంటాయి, యాప్ అసలు భాగం పోతుంది. నొక్కితే మళ్ళీ దిగుతుంది. యాప్ తినే చోటులో దాదాపు 60 శాతం దాకా మిగులుతుందని గూగుల్ చెప్పింది. ఐఫోన్‌లో ‘ఆఫ్‌లోడ్ యాప్’ పేరుతో ఇదే పని 2017 నుంచీ ఉంది. డేటాను అలాగే ఉంచేస్తుంది కాబట్టి, బరువంతా యూజర్ డేటాలోనే ఉన్న గేముకు దీనివల్ల పెద్దగా లాభం ఉండదు.

అపోహ: గేము తీసేస్తే దాని డబ్బు కోత కూడా ఆగుతుంది

ఆగదు. నెలనెలా కట్టే సబ్‌స్క్రిప్షన్ మీ గూగుల్ ఖాతాకు ముడిపడి ఉంటుంది. యాప్ తీసేసినా కోత సాగుతూనే ఉంటుంది. ప్లేస్టోర్‌లో ‘పేమెంట్స్ అండ్ సబ్‌స్క్రిప్షన్స్’ తెరిచి, అక్కడ క్యాన్సిల్ చేయాలి. యూపీఐ యాప్‌లో ‘ఆటోపే’ విభాగం కూడా చూడండి. పెన్షన్ డబ్బులు పడే ఖాతా కలిపి ఉన్న ఫోన్ అయితే ఈ పనిని రేపటికి వాయిదా వేయకండి.

అపోహ: క్లీనర్ యాప్ వేస్తే అదే చూసుకుంటుంది

చోటు లేని ఫోన్‌లో చోటు కోసం ఇంకో యాప్ ఎక్కించడం దగ్గరే తేడా కొడుతోంది. ఈ క్లీనర్లలో చాలావరకు చేసేది రెండు పనులు. ఒకటి, క్యాషె తుడవడం. అది సెట్టింగ్స్‌లో మనమే చేసుకోవచ్చు, యాప్ వాడగానే మళ్ళీ పెరుగుతుంది. రెండోది, ‘బూస్ట్’ అంటూ ర్యామ్ ఖాళీ చేయడం. ర్యామ్‌కీ స్టోరేజ్‌కీ సంబంధం లేదు. ర్యామ్ వంటగట్టు, స్టోరేజ్ అటక. గట్టు మీద గిన్నెలు తీసినంత మాత్రాన అటక ఖాళీ కాదు. రీసెంట్స్‌లో యాప్‌లన్నీ పైకి తోసేసి ‘మెమరీ ఖాళీ చేశాను’ అనుకోవడం కూడా ఇదే పొరపాటు. తోసేసిన యాప్‌ను మళ్ళీ తెరిచినప్పుడు అది మొదటినుంచీ లోడ్ కావాలి, పాత ఫోన్‌కు అది ఇంకా భారం.

పైగా ఇవి ఫైళ్ళు, ఫొటోలు అన్నీ చూసే అనుమతులు అడుగుతాయి. 2020 జూన్ 29న భద్రతా కారణాలతో కేంద్రం నిషేధించిన 59 యాప్‌లలో టిక్‌టాక్ పేరే అందరికీ గుర్తుంది. అదే జాబితాలో క్లీన్ మాస్టర్, డీయూ క్లీనర్ కూడా ఉన్నాయి. సాయం కావాలనుకుంటే గూగుల్ వాళ్ళ ‘ఫైల్స్’ యాప్ చాలు, చాలా ఫోన్లలో అది ముందే ఉంటుంది.

అపోహ: ‘క్లియర్ క్యాషె’, ‘క్లియర్ స్టోరేజ్’ రెండూ ఒకటే

ఈ రెండు బటన్లూ పక్కపక్కనే ఉండటం వల్ల జరిగే నష్టం ఇంతా అంతా కాదు. క్యాషె తుడిస్తే పోయేదేమీ లేదు. ‘క్లియర్ స్టోరేజ్’ లేదా ‘క్లియర్ డేటా’ నొక్కితే యాప్ కొత్తగా ఎక్కించిన రోజుకు వెళ్ళిపోతుంది. వాట్సాప్ మీద నొక్కితే, బ్యాకప్ లేని పక్షంలో సంభాషణలు తిరిగి రావు. యూపీఐ యాప్ మీద నొక్కితే మళ్ళీ రిజిస్టర్ చేసుకోవాలి. పెద్దవాళ్ళ ఫోన్‌లో ఈ పని చేసేది మీరే అయితే, ముందు వాట్సాప్ బ్యాకప్ ఏ తేదీది ఉందో చూసి మొదలుపెట్టండి.

అపోహ: గ్యాలరీలో చెరిపితే వాట్సాప్ బరువు తగ్గుతుంది

కొంతే తగ్గుతుంది. గ్యాలరీలోంచి ఎంచి వాట్సాప్‌లో ఒక వీడియో పంపారనుకోండి. కెమెరా తీసిన అసలు వీడియో ఒకటి, పంపడానికి కుదించిన నకలు ఇంకొకటి ఫోన్‌లో ఉంటాయి. ఆ నకలు వాట్సాప్ వీడియోల ఫోల్డర్‌లో ‘సెంట్’ అనే లోపలి ఫోల్డర్‌లో పడుతుంది, గ్యాలరీలో కనిపించదు. మనవరాలి నాట్యం వీడియోను చుట్టాలందరికీ పంపే అమ్మమ్మల ఫోన్లలో ఈ ఫోల్డర్ తెరిస్తే కళ్ళు తిరుగుతాయి. వాట్సాప్ సెట్టింగ్స్‌లో ‘స్టోరేజ్ అండ్ డేటా’, అందులో ‘మేనేజ్ స్టోరేజ్’ తెరవండి. 5 ఎంబీ దాటినవి, పదేపదే ఫార్వర్డ్ అయినవి విడిగా చూపిస్తుంది. ఏ గ్రూపు ఎంత తింటోందో కూడా కనిపిస్తుంది. అదే చోట ఆటో డౌన్‌లోడ్ ఆపేస్తే రేపటి శుభోదయాలు నొక్కితే తప్ప దిగవు.

టెలిగ్రామ్‌లో చూసిన వీడియోల క్యాషెను అయితే నిశ్చింతగా తుడిచేయవచ్చు. మామూలు సంభాషణల్లోవి సర్వర్‌లోనే ఉంటాయి, కావాలంటే మళ్ళీ దిగుతాయి.

అపోహ: గూగుల్ ఫొటోస్‌లో బ్యాకప్ అయింది, ఇక ఇక్కడ డిలీట్ చేసుకోవచ్చు

అన్నిటికన్నా ప్రమాదకరమైనది ఇదే. గూగుల్ ఫొటోస్ యాప్‌లో ఫొటోను మామూలుగా డిలీట్ చేస్తే ఫోన్‌లోదీ పోతుంది, బ్యాకప్‌లోదీ పోతుంది. ఫోన్‌లోది మాత్రమే తీయడానికి ‘ఫ్రీ అప్ స్పేస్’ అని ప్రత్యేకంగా ఒక బటన్ ఉంది. అది బ్యాకప్ అయినవాటినే ఫోన్‌లోంచి తొలగిస్తుంది.

పొరపాటు జరిగినా కొంత గడువుంటుంది. బ్యాకప్ అయినవి ట్రాష్‌లో 60 రోజులు, కానివి 30 రోజులు ఉంటాయి. ఆలోగా వెనక్కి తెచ్చుకోవచ్చు. ‘చెరిపినా చోటు పెరగలేదే’ అనే ఫిర్యాదుకు కారణం కూడా ఈ ట్రాషే. అక్కర్లేదని గట్టిగా అనుకున్నాకే దాన్ని ఖాళీ చేయాలి. ఇంకో సంగతి: 2021 జూన్ 1 నుంచి ఉచిత బ్యాకప్‌కు హద్దు ఉంది. జీమెయిల్, డ్రైవ్‌తో కలిపి 15 జీబీ. అది నిండితే బ్యాకప్ ఆగిపోతుంది. పాత ఖాతాల్లో అది ఎప్పుడు ఆగిందో ఇంట్లో ఎవరికీ తెలియకపోవచ్చు. చివరి ఫొటో పక్కన బ్యాకప్ గుర్తు కనిపిస్తేనే నమ్మండి.

అపోహ: మెమరీ కార్డు వేస్తే గేములన్నీ అందులోకి పంపొచ్చు

ఫొటోలు, పాటలు, సినిమాలు పంపొచ్చు. గేములు అన్నీ వెళ్ళవు, వెళ్ళినవీ కొంత భాగం లోపలే ఉంచుకుంటాయి. 2015లో ఆండ్రాయిడ్ 6 కార్డును లోపలి స్టోరేజ్‌లా వాడే వీలు తెచ్చింది గానీ చాలా కంపెనీలు తమ ఫోన్లలో అది ఇవ్వలేదు. ఉన్నచోట కూడా కార్డు ఆ ఒక్క ఫోన్‌కే కట్టుబడుతుంది, తీసి వేరేదాంట్లో పెడితే చదవలేం.

అపోహ: ఫోన్‌తో వచ్చిన గేములను తీయలేం, తీస్తే ఫోన్ పాడవుతుంది

వాటిలో కొన్నిటికి అన్‌ఇన్‌స్టాల్ ఉంటుంది, నిక్షేపంగా తీయండి. కొన్నిటికి ‘డిజేబుల్’ మాత్రమే ఉంటుంది. అవి ఉండేది సిస్టమ్ భాగంలో. ఆ చోటు ఎలాగూ మనకు రాదు. డిజేబుల్ చేసి అప్‌డేట్లు తీసేస్తే వాటికోసం మన చోటులో పడిన బరువు తగ్గుతుంది. బయటినుంచి ఎక్కిన యాప్ ఏదైనా అన్‌ఇన్‌స్టాల్ కాకుండా మొరాయిస్తే, సెట్టింగ్స్‌లో సెక్యూరిటీ కింద ‘డివైస్ అడ్మిన్’ జాబితా చూడండి. అక్కడ దాని అనుమతి తీసేస్తేనే అది కదులుతుంది.

అపోహ: ఫ్యాక్టరీ రీసెట్ కొడితే ఫోన్ కొత్తదైపోతుంది

స్టోరేజ్ నిండితే ఫోన్ నెమ్మదించడం నిజమే. ఫ్లాష్ మెమరీలో పాత సమాచారాన్ని బ్లాకులు బ్లాకులుగా తుడిచాకే కొత్తది రాయగలదు. ఖాళీ బ్లాకులు లేకపోతే ఉన్నవాటిని అటూ ఇటూ సర్దుకుంటూ కూర్చుంటుంది. అందుకే పదోవంతు చోటైనా ఖాళీగా ఉంచాలి. చోటు చేసినంత మాత్రాన పాత ప్రాసెసర్, అరిగిన బ్యాటరీ మారవు. రీసెట్‌తో వచ్చే హుషారులో చాలాభాగం ఖాళీ అయిన చోటుదే, అది పైన చెప్పిన పనులతోనే వస్తుంది.

తప్పక రీసెట్ చేయాల్సి వస్తే ముందు ఆ ఫోన్‌లో ఉన్న గూగుల్ ఖాతా పాస్‌వర్డ్ తెలుసుకోండి. ఆండ్రాయిడ్ 5.1 నుంచి ఉన్న రక్షణ వల్ల, రికవరీ మెనూలోంచి రీసెట్ చేస్తే అదే ఖాతా అడుగుతుంది. మనవడెప్పుడో తెరిచిచ్చిన ఖాతా అయితే ఫోన్ అక్కడే ఆగిపోతుంది. తర్వాత సెటప్‌లో పాత బ్యాకప్ నుంచి యాప్‌లు తెచ్చుకోమంటుంది. సరే అంటూ పోతే తీసేసిన గేములన్నీ వరసగా మళ్ళీ దిగుతాయి. ఆ జాబితా తెరిచి, గేముల పక్కనున్న టిక్కులు తీసేశాకే ‘రీస్టోర్’ నొక్కండి.