యాపు దిగిరానప్పుడు

శ్రీకాకుళము జిల్లా ఈశాన్య భాగమున సముద్రతీరము వెంబడి ఉద్దానమను ప్రాంతము కలదు. కొబ్బరి, జీడిమామిడి, పనస చెట్లతో నిండిన తోటలవలన దీనికీ పేరు వచ్చెనని, ఉద్యానమే ఉద్దానమైనదని పెద్దలు చెప్పుదురు. చేరువనున్న పలాస, కాశీబుగ్గలు జీడిపప్పు వ్యాపారమునకు పేరొందినవి. దక్షిణమున టెక్కలి పట్టణ మున్నది. ఈ ప్రాంతపు జీవనము కూడ నేడు చేతిలోని స్మార్ట్‌ఫోనుతో ముడిపడినది. జీడిపప్పు అమ్మిన వర్తకుడు పైకమును దానియందే పుచ్చుకొనును. వేటకు బోవు మత్స్యకారుడు గాలివానల సంగతి దానియందే చూచుకొనును. పలాస స్టేషనులో రైలెక్కువాడు టిక్కెట్టును దానియందే కొనును. ఇన్ని పనులను నెరవేర్చుటకు ఫోను ఒక్కటియే చాలదు, దానిలో యాపులుండవలెను. అవసరమైన యాపు ఫోనులోనికి దిగిరానిచో, ఎంత విలువగల ఫోనైనను ఆ పనికి అక్కఱకు రాదు.

యాపు దిగిరాకపోవుట చిన్న చిక్కే కదా యని కొందఱనుకొందురు. ఉద్దానపు వారట్లనుకొనుటకు వీలు లేదు. 2013 అక్టోబరు 12వ తేదీన ఫైలిన్ తుపాను గోపాలపురము వద్ద తీరము దాటినది. మఱుసటి సంవత్సరము అదే తేదీన హుద్‌హుద్ తుపాను విశాఖపట్టణమును తాకినది. 2018 అక్టోబరు 11వ తేదీ వేకువజామున తిత్లీ తుపాను పలాస సమీపముననే తీరము దాటినది. అప్పుడు గాలి గంటకు 140 మొదలు 150 కిలోమీటర్ల వేగముతో వీచెను. కొబ్బరిచెట్లు మొదలంట కూలినవి. విద్యుత్ స్తంభములు నేలకొరిగినవి. ఎన్నో గ్రామములు దినముల తరబడి చీకటిలో మునిగినవి. విద్యుత్తు లేనిచో ఫోను నిండదు, టవరు పలుకదు. అట్టి రాత్రి వాతావరణ సమాచారము కొఱకు యాపును దించుకొనబూనుట, ఇల్లు అంటుకొనిన పిమ్మట బావి త్రవ్వుట వంటిది. కావున తెఱపి దినములలోనే యాపును దించుకొనవలెను. అది దిగిరానిచో కారణము కనుగొని సరిదిద్దుట నేర్చుకొనవలెను.

యాపు అనగా ఫోను చేత ఒక పని చేయించుటకై వ్రాయబడిన ఆదేశముల సముదాయము. అది ఎక్కడనో దూరముననున్న కంప్యూటర్లలో నిలువయుండును. అంతర్జాలము ద్వారా దానిని మన ఫోనులోనికి తెచ్చుకొనుటయే డౌన్‌లోడు. ఆపిల్ సంస్థ తన ఫోనుల కొఱకు యాప్ స్టోరును 2008 జూలైలో తెఱచినది. ఆండ్రాయిడ్ ఫోనుల కొఱకు గూగుల్ సంస్థ అదే సంవత్సరము అక్టోబరులో ఒక అంగడిని తెఱచి, 2012లో దానికి ప్లే స్టోరు అని పేరు మార్చినది. మన ప్రాంతమున ఆండ్రాయిడ్ ఫోనులే హెచ్చుగా వాడుకలో నున్నవి గనుక ప్లే స్టోరును దృష్టియందుంచుకొని చెప్పుదును.

పలాసనుండి ఒక జీడిపప్పు డబ్బా దూరదేశమందలి బంధువుల యింటికి చేరవలెననుకొందము. త్రోవ బాగుండవలెను. వరుసలో దాని వంతు రావలెను. చేరిన యింట దానిని దించుటకు చోటుండవలెను. సరకు లెక్కించు గుమాస్తా పుస్తకము సరిగా నుండవలెను. చీటీమీది తేదీ పొసగవలెను. పుచ్చుకొనువారి పేరు కలియవలెను. వీనిలో ఏ యొక్కటి తప్పినను డబ్బా నడుమనే నిలిచిపోవును. యాపు ప్రయాణము కూడ ఇట్టిదే. త్రోవ, వంతు, చోటు, పుస్తకము, తేదీ, పేరు అను నీ యాఱింటిని వరుసగా పరీక్షించినచో, పెక్కు చిక్కులకు కారణము వీనిలోనే దొరకును.

మొదటిది త్రోవ. యాపు దిగనప్పుడు, ముందుగా ఫోనులో ఏదైన వేఱొక పుటను తెఱచి చూడవలెను. అదియు తెఱచుకొననిచో లోపము యాపునందు లేదు, త్రోవయందే కలదని తెలియును. అప్పుడు విమానపు గుఱుతును ఒకమాఱు నొక్కి, కొన్ని క్షణములు తాళి, మఱల నొక్కవలెను. ఫోను టవరుతో తెగిన సంబంధమును క్రొత్తగా కలుపుకొనును. దట్టమైన గోడల నడుమ సంకేతము సన్నగిల్లును గనుక వెలుపలికి వచ్చి చూడవలెను. ఆ దినమునకు కేటాయింపబడిన డేటా అయిపోయినదేమో విచారింపవలెను.

త్రోవ ఇఱుకైనను ఆలస్యమగును. దీనికొక లెక్క కలదు. యాపు పరిమాణమును మెగాబైట్లలో చెప్పుదురు. అంతర్జాలపు వేగమును మెగాబిట్లలో చెప్పుదురు. ఎనిమిది బిట్లు ఒక బైటు. 50 మెగాబైట్ల యాపు అనగా 400 మెగాబిట్లు. సెకనుకు ఒక మెగాబిట్ వేగముతో వచ్చినచో, అది చేరుటకు 400 సెకనులు, అనగా ఆఱు నిమిషముల నలువది సెకనులు పట్టును. ఈ లెక్క తెలియనివాడు రెండవ నిమిషముననే విసుగుజెంది రద్దుచేయును, మఱల మొదలుపెట్టును, మఱల రద్దుచేయును. కొన్ని వేళల ఓర్పే చాలిన మందు.

రెండవది వంతు. కొన్నిమార్లు తెరమీద “పెండింగ్” అను మాట కనబడి కదలక యుండును. ఫోనులో ఇదివఱకే యున్న యాపులు తమ క్రొత్త రూపములను తెచ్చుకొనుచుండగా, మన యాపు వెనుక నిలిచియున్నదని దీనికి తఱచుగా అర్థము. ప్లే స్టోరులో ఆ వరుసను చూచి, తక్కినవానిని తాత్కాలికముగా ఆపినచో మనదానికి దారి దొరకును. మఱొక కారణము కూడ కలదు. వైఫై యున్నప్పుడు మాత్రమే దించుకొనవలెనని స్టోరు సెట్టింగులలో ఒక నియమ ముండవచ్చును. వైఫై లేని యింట ఆ నియమమున్నచో యాపు ఎన్నాళ్లైనను వేచియే యుండును. ఏ నెట్‌వర్కు మీదనైనను దించుకొనవచ్చునని దానిని మార్చవలెను.

మూడవది చోటు. యాపు దిగిన పిమ్మట విప్పుకొని అమరవలెను గనుక, పేర్కొన్న పరిమాణముకంటె హెచ్చు చోటు కావలసియుండును. సెట్టింగులలో నిలువ అను భాగమును చూచినచో ఎంత చోటు మిగిలినదో తెలియును. ఒక గిగాబైటైనను ఖాళీగా నుండుట మేలు. శుభోదయపు బొమ్మలు, పలుమార్లు చేతులు మారిన వీడియోలు మన యెఱుక లేకయే చోటును మ్రింగివేయును. వానిని తీసివేయవచ్చును. కాని యిచ్చట మిక్కిలి జాగ్రత్త కావలెను. మూత్రపిండముల వ్యాధి ఉద్దానమును ఎంతకాలముగా బాధించుచున్నదో మీరెఱుగుదురు. దీనికొఱకే 2023 డిసెంబరులో పలాసయందు 200 పడకల ఆసుపత్రియు, కిడ్నీ పరిశోధనా కేంద్రమును ప్రారంభమైనవి. ఇంటిలోని రోగి రక్తపరీక్షల కాగితములను ఫొటోలుగా తీసి ఫోనులో దాచుకొనువారు కలరు. చోటు కొఱకు తొందరపడి వానిని చెఱిపివేసినచో, తరువాత వైద్యుడు పాత క్రియాటినిన్ లెక్క అడిగినప్పుడు చూపుటకు ఏమియు నుండదు. కావున ఏది చెఱుపవచ్చునో ఇంటి పెద్దల నడిగిన పిమ్మటనే చెఱుపవలెను. ముఖ్యమైనవానికి వేఱొకచోట ప్రతి యుంచవలెను.

నాల్గవది గుమాస్తా పుస్తకము. ప్లే స్టోరు తన పని వేగముగా సాగుటకై కొంత సమాచారమును తాత్కాలికముగా దాచుకొనును. దీనికి కాష్ అని పేరు. ఆ లెక్కలు చిక్కుపడినచో స్టోరు తడబడును. తొలుత ఫోనును ఆర్పి మఱల వెలిగింపవలెను. దీనితోనే ఎన్నో చిక్కులు విడిపోవును. విడిపోనిచో, సెట్టింగులలో యాపుల పట్టికను తెఱచి, అందు ప్లే స్టోరు నిలువను చూచి, కాష్‌ను తొలగింపవలెను. దీనివలన మన ఫొటోలు గాని, ఇతర యాపులు గాని పోవు. అప్పటికిని ఫలితము లేనిచో స్టోరు డేటాను తొలగింపవచ్చును. దీనితో స్టోరునందు మనమేర్పఱచుకొన్న నియమములు పోయి, అది క్రొత్తదానివలె మొదలగును. ఇచ్చట చెప్పినది ప్లే స్టోరు డేటాను గూర్చి మాత్రమే. పొరపాటున వేఱొక యాపు డేటాను తొలగించినచో, అందలి వివరములు పోవచ్చును. కనుక పేరు చదివి నొక్కవలెను.

అయిదవది తేదీ. గడియారము తప్పినచో యాపు దిగకుండుట యేమని మీకాశ్చర్యము కలుగవచ్చును. ఫోను స్టోరుతో మాటలాడుటకు ముందు, ఎదుట నున్నది నిజమైన స్టోరే యని నిశ్చయించుకొనును. ఇందుకై స్టోరు ఒక ధ్రువపత్రమును చూపును. అది ఏ తేదీనుండి ఏ తేదీవఱకు చెల్లునో దానియందే యుండును. మన ఫోనులో తేదీ సంవత్సరము వెనుకబడియున్నచో, ఆ పత్రమింకను అమలులోనికి రాలేదని ఫోను భ్రమించి, సంబంధమును నిరాకరించును. కావున తేదీని, సమయమును నెట్‌వర్కునుండి దానంతటదే గ్రహించునట్లు ఏర్పఱచుట మంచిది.

ఆఱవది పేరు. ప్లే స్టోరునకు ఒక గూగుల్ ఖాతా కావలెను. ఖాతా సంబంధము తెగియున్నచో దానిని తీసి మఱల చేర్చవలసి వచ్చును. పాస్‌వర్డు జ్ఞాపకమున్నదని నిశ్చయించుకొనకుండ ఖాతాను తీయరాదు. తీసిన తరువాత గుర్తు రానిచో మొదటి చిక్కుకంటె రెండవ చిక్కు పెద్దదగును. ఇక యాపునకు ఫోను తగినదై యుండుట కూడ ముఖ్యము. పాత ఫోనులోని ఆండ్రాయిడ్ క్రొత్త యాపునకు చాలనిచో, “మీ పరికరమునకు అనుకూలము కాదు” అని స్టోరు చెప్పును. ఫోను సాఫ్ట్‌వేరునకు క్రొత్త రూపము లభించునేమో చూడవలెను. అది లేనిచో ఆ పని ఇంటిలోని వేఱొక ఫోనులో చేసికొనవలసినదే.

ఈ యాఱింటిని పరీక్షించునప్పుడు ఒక నియమము పాటింపవలెను. ఒక్కమాఱు ఒక్కదానినే మార్చి, ఫలితమును చూచి, పిమ్మట రెండవదానికి పోవలెను. అన్నింటిని ఒకేసారి కదల్చినచో, యాపు దిగినను ఏది కారణమో తెలియదు. దిగనిచో ఏది చెడినదో కూడ తెలియదు. ప్రయోగశాలలో మీ రుపాధ్యాయుడు నేర్పు పద్ధతియు నిదియే. సులభమైనవి, నష్టము లేనివి ముందు, కఠినమైనవి పిమ్మట.

విసిగినవానికి ఒక అడ్డదారి కనబడును. “స్టోరు అక్కఱలేదు, ఈ ఫైలును నొక్కుము, యాపు వెంటనే వచ్చును” అని ఎవరో సందేశము పంపుదురు. ఆ ఫైలు పేరు చివర ఏపీకే అను అక్షరములుండును. బ్యాంకు పేరిటను, రైతులకిచ్చు ప్రభుత్వ సహాయము పేరిటను, వాహనపు జరిమానా పేరిటను ఇట్టి ఫైళ్లను మోసగాండ్రు పంపుచున్నారు. దానిని నొక్కి, అడిగిన అనుమతులన్నియు నిచ్చినచో, అది మన సందేశములను చదివి, బ్యాంకు పంపు ఓటీపీని మోసగానికి చేరవేయగలదు. జీడి కార్ఖానాలో దినమంతయు పిక్కలు కొట్టి ఒక తల్లి కూడబెట్టిన సొమ్ము నిమిషములలో మాయమగును. యాపు దిగకపోవుటవలన కలుగు నష్టము కొంచెము. దొంగ యాపు దిగుటవలన కలుగు నష్టము అపారము. స్టోరునందైనను యాపును ప్రచురించినవారి పేరు చదివిన పిమ్మటనే దించుకొనవలెను. చిక్కు తీర్చెదమని ఫోనుచేసి ఓటీపీ అడుగువారిని నమ్మరాదు. మోసము జరిగినచో సిగ్గుపడి దాచక, వెంటనే 1930 అను సంఖ్యకు ఫోను చేయవలెను. ఎంత త్వరగా తెలిపినచో, సొమ్మును నిలిపివేయుటకు అంత అవకాశముండును.

ఇంతకును ఉద్దానపు ఇంట ఉండదగిన యాపులేవి? భారత వాతావరణ శాఖవారి మౌసమ్ 2020 జూలైలో వెలువడినది. దామిని యను యాపును పూణెలోని ఉష్ణమండల వాతావరణ విజ్ఞాన సంస్థ రూపొందించినది. మనకు 20, 40 కిలోమీటర్ల లోపల పిడుగుపాటు ఆసన్నమైనప్పుడు అది హెచ్చరించును. వీనిని దించుకొనుటతో పని ముగియదు. ఒకమాఱు తెఱచి, మన ఊరిని ఎన్నుకొని, హెచ్చరికలకు అనుమతినీయవలెను. ప్రభుత్వము ఏ యాపును అవసరము లేకయే టవరు పరిధిలోని ఫోనులన్నిటికి హెచ్చరిక పంపు పద్ధతిని కూడ 2023లో దేశమంతట పరీక్షించినది. అదియైనను టవరు నిలిచియున్నంతవఱకే. కాన రేడియోను, గ్రామాధికారుల మాటను విడనాడరాదు.

విద్యార్థులారా! అనేక గృహములలో తెరమీది అక్షరములను చదివి అర్థము చెప్పగలవారు మీరే. తాతకు గాని, అమ్మకు గాని ఫోనులో చిక్కు వచ్చినప్పుడు విసుగుకొనక, ఈ యాఱింటిని వారి యెదుటనే వరుసగా చూపుడు. మఱుసటిసారి వారే చూచుకొందురు. తుపానుల కాలము అక్టోబరున ముదురును. సెప్టెంబరు నెలలో ఒక ఆదివారము మీ యింటి ఫోనును పరీక్షించి, కావలసిన యాపు దిగియున్నదో లేదో చూచుకొనుడు.