శ్రీముఖలింగం: గుడి చూసి వచ్చేస్తున్నారా? ఒకప్పటి కళింగ రాజధానిని ఒక్క రోజులో ఇలా చూడొచ్చు

శ్రీకాకుళం జిల్లా జలుమూరు మండలంలో, వంశధార నది ఎడమ గట్టున ఉన్న పుణ్యక్షేత్రం శ్రీముఖలింగం. కార్తీకమాసంలో, శివరాత్రికి ఇసుక వేస్తే రాలనంత జనం. మిగతా రోజుల్లో పల్లెటూరి ప్రశాంతత. కారు దిగడం, దర్శనం చేసుకోవడం, ప్రసాదం తీసుకోవడం, వెనక్కి తిరగడం... చాలామంది పర్యటన గంటలోపే అయిపోతుంది.

కానీ వాళ్లు నడిచి వెళ్లింది ఒక రాజధాని నగరం మీదుగా. తూర్పు గాంగ రాజులు వందల ఏళ్ల పాటు ఏలిన కళింగనగరం ఇదేనని చరిత్రకారుల్లో ఎక్కువమంది చెబుతారు. థాయ్‌లాండ్‌లో పాత రాజధాని అయుత్థయను చూడటానికి బ్యాంకాక్ నుంచి రోజూ పర్యాటకులు వెళ్తారు. ఉదయం బయలుదేరి, గైడ్‌తో శిథిలాలన్నీ తిరిగి, సాయంత్రానికి తిరిగొస్తారు. 1351 నుంచి 1767 వరకు, అంటే 416 ఏళ్లు రాజధానిగా ఉన్న ఊరది. కళింగనగరం పేరు అంతకంటే చాలా ముందే, 6వ శతాబ్దం చివరి నాటి రాగి శాసనాల్లోనే కనిపిస్తుంది. 12వ శతాబ్దం దాకా గాంగుల రాజధానిగా కొనసాగింది.

మరి ఆ రాజధాని ఇప్పుడు ఎక్కడుంది? ఒక్క రోజులో ఏమేం చూడొచ్చు? తెలిసినవారు పక్కన ఉంటే ఏం అడగాలి?

అసలు ఇది రాజధాని అని ఎలా తెలిసింది?

ఈ కథలో హీరో ఒక బడిపంతులు. వ్యావహారిక భాషోద్యమ పితామహుడిగా తెలుగువారందరికీ తెలిసిన గిడుగు వెంకట రామమూర్తి. 1863 ఆగస్టు 29న వంశధార తీరంలోని పర్వతాలపేటలో పుట్టారు. ఆయన పుట్టిన రోజునే తెలుగు భాషా దినోత్సవంగా జరుపుకుంటున్నాం. పర్లాకిమిడి రాజావారి బడిలో చరిత్ర పాఠాలు చెప్పేవారు.

ఆ రోజుల్లో చాలామంది పండితులు కళింగనగరం అంటే సముద్రం ఒడ్డున ఉన్న కళింగపట్నమే అనుకునేవారు. పేరు దగ్గరగా ఉంది కదా అని. గిడుగు మాత్రం పాత లిపులు సొంతంగా నేర్చుకుని ముఖలింగం గుడి గోడల మీది శాసనాలు చదివారు. అందులో ఈ ఊరిని 'నగరం' అని రాశారు. పక్కనే ఉన్న గ్రామం పేరు నగరికటకం. 'కటకం' అంటే రాజధాని, సైన్యం విడిది అనే అర్థాలున్నాయి. అంటే ఊరి పేరులోనే ఆధారం మిగిలి ఉంది. నరసన్నపేట ప్రాంతంలోని నడగాం దగ్గర దొరికిన వజ్రహస్తుడి రాగి శాసనాన్ని కూడా గిడుగే చదివి 'ఎపిగ్రాఫియా ఇండికా' 4వ సంపుటంలో ప్రచురించారు. శక సంవత్సరం 979, అంటే క్రీ.శ. 1057-58 నాటిది ఆ శాసనం.

ఇలా ఒక బడిపంతులు గోడలు చదివి, మరుగునపడ్డ రాజధానిని వెలికి తీశారు. అందుకే ఈ ఊళ్లో పర్యటన అంటే గుళ్లు చూడటం ఒక్కటే కాదు, గోడలు చదవడం కూడా.

ఉదయం: సోమేశ్వరాలయం దగ్గర మొదలుపెట్టండి

ఊళ్లో మూడు ప్రాచీన ఆలయాలున్నాయి. మధుకేశ్వరుడు (ముఖలింగేశ్వరుడు), భీమేశ్వరుడు, సోమేశ్వరుడు. మూడూ కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉన్నాయి. చాలామంది నేరుగా పెద్ద గుడికి వెళ్లిపోతారు. నిజానికి ఊరి మొదట్లో కనిపించే సోమేశ్వరాలయం దగ్గర ఆగడం మేలు.

ఎందుకంటే ఇక్కడ ముందు మండపం లేదు. గర్భగుడి, దాని మీద ఎత్తుగా లేచిన శిఖరం, అంతే. కళింగ శైలి అంటే ఏమిటో ఒక్క చూపులో అర్థమవుతుంది. గోదావరి, కృష్ణా జిల్లాల్లో చూసే గుళ్లకు మెట్లు మెట్లుగా అంతస్తుల విమానం ఉంటుంది. ఇక్కడ శిఖరం నిలువు గీతలా పైకి లేచి, చివర్లో లోపలికి వంగుతుంది. పైన ఉసిరికాయ ఆకారంలో గుండ్రని రాయి. భువనేశ్వర్, పూరీ గుళ్లు చూసినవారికి ఇది వెంటనే గుర్తొస్తుంది. గోడల మీది శిల్పాలను దగ్గరగా చూడొచ్చు, రద్దీ కూడా తక్కువ.

మధుకేశ్వరాలయం: నిదానంగా చూడాల్సింది ఇదే

మూడింటిలో పెద్దది, పాతది ఇదే. 8-9 శతాబ్దాల నాటిదని శిల్పశైలిని బట్టి పండితుల అంచనా. గాంగ రాజు కామార్ణవుడు 'నగరం' అనే పట్టణంలో మధుకేశుడికి ఎత్తైన ఆలయం కట్టించాడని అనంతవర్మ చోడగంగుడి 1118 నాటి రాగి శాసనం చెబుతోంది. మధూకం అంటే ఇప్పచెట్టు. ఇప్పచెట్టులోంచి వెలిసిన స్వామి కాబట్టి మధుకేశ్వరుడు.

ఊళ్లో చెప్పుకునే కథ కూడా ఇప్పచెట్టు చుట్టూనే తిరుగుతుంది. శాపం వల్ల శబరులుగా పుట్టిన గంధర్వులకు శివుడు ఇప్పచెట్టులో ముఖంతో కనిపించాడని, అందుకే ముఖలింగమని అంటారు. ఈ కథలో చరిత్ర కోణం కూడా ఉంది. చుట్టుపక్కల కొండల్లో సవరలు ఇప్పటికీ ఉన్నారు. ఇప్పచెట్టు వాళ్ల జీవితంలో భాగం. అడవి బిడ్డల దేవుడు రాజుల దేవుడయ్యాడని చెప్పే కథలు కళింగ దేశంలో చాలా చోట్ల ఉన్నాయి. పూరీ జగన్నాథుడి కథ కూడా శబరులతోనే మొదలవుతుంది. గిడుగు కూడా సవరల భాష నేర్చుకుని, దానికి నిఘంటువు, వ్యాకరణం రాశారు.

గుళ్లో హడావుడి లేకుండా చూడాల్సినవి ఇవీ...

- ప్రవేశ ద్వారాల చుట్టూ ఉన్న లతలు, మనుషుల బొమ్మల చెక్కడం. రాతి మీద పని అనిపించదు, చెక్క మీద చేసినట్టు ఉంటుంది.
- ప్రధానాలయం చుట్టూ మూలల్లో ఉన్న చిన్న గుళ్లు. మొత్తం ఒక సముదాయంగా కట్టారని వాటిని చూస్తేనే తెలుస్తుంది.
- వారాహి అమ్మవారు, గణపతి విగ్రహాలు.
- గర్భగుడి వెనక ఉన్న పెద్ద మట్టి గోలెం. ఒక కుమ్మరి మొక్కు తీర్చుకోవడానికి తెచ్చాడన్నది స్థానికుల కథ.

దగ్గర్లోనే భీమేశ్వరాలయం ఉంది. మిగతా రెండింటి కంటే సాదాగా కనిపిస్తుంది. మూడింటినీ ఒకే రోజు దర్శించుకోవడం ఇక్కడి ఆనవాయితీ. కోటికి ఒక్క లింగం తక్కువైంది కాబట్టి ఇది కాశీ కాలేదని, దక్షిణ కాశీగా మిగిలిందని పెద్దలు చెబుతుంటారు.

గోడలే ఆఫీసు ఫైళ్లు

మధుకేశ్వరాలయంలో దొరికిన శాసనాలు వందకు పైమాటే. తెలుగులోనూ, సంస్కృతంలోనూ ఉన్నాయి. 'సౌత్ ఇండియన్ ఇన్‌స్క్రిప్షన్స్' 5వ సంపుటంలో వీటిని అచ్చు వేశారు. ఇంతకీ వాటిలో ఏముంది?

యుద్ధాల కంటే దీపాల గురించే ఎక్కువ. గుళ్లో అఖండదీపం వెలగడానికి ఎవరు ఏమిచ్చారు, ఆ సొమ్ము ఎవరి చేతికి అప్పగించారు, దీపం ఆరకుండా చూసే బాధ్యత ఎవరిది... ఇవన్నీ రాతి మీద చెక్కించారు. దాతల్లో రాజకుటుంబం వాళ్లతో పాటు అధికారులూ ఉన్నారు. ఇప్పుడు ట్రస్టు డీడ్ రిజిస్టర్ చేయించినట్టే. మాట తప్పితే నలుగురికీ తెలిసేలా గోడమీదే రాశారు.

రాజులు పోయారు, భవనాలు పోయాయి, మిగిలింది ఈ రాతలే. అందుకే వాటిపై పసుపు, కుంకుమ రాయడం, నూనె పోయడం, సుద్దముక్కతో పేర్లు రాయడం లాంటివి ఎంత నష్టమో ఆలోచించాలి. ఒక్క అక్షరం అరిగితే ఒక పేరో, ఒక తేదీయో శాశ్వతంగా పోయినట్టే. రక్షిత కట్టడాన్ని పాడుచేస్తే రెండేళ్ల వరకు జైలు, లక్ష రూపాయల వరకు జరిమానా విధించే వీలుంది.

కోట ఏది? రాజభవనం ఏది?

మొదటిసారి వచ్చినవారు తప్పకుండా అడిగే ప్రశ్న ఇది. పైకి కనిపించే కోటగోడ గానీ, రాజభవనం గానీ ఇక్కడ లేవు. గుళ్లు రాతితో కట్టారు కాబట్టి నిలిచాయి. ఇళ్లు, భవనాలకు మట్టి, ఇటుక, కలప వాడటం ఆ కాలంలో మామూలే. పక్కనే వంశధార. వరదలకు పేరుపడ్డ నది. వందల ఏళ్లలో అవి నిలవకపోవడంలో ఆశ్చర్యం లేదు.

ఇంకో చిక్కు కూడా ఉంది. పాత నగరం మీదే ఇప్పటి ఊరు ఉంది. అయుత్థయ శిథిలాల చుట్టూ చాలాచోట్ల ఖాళీ స్థలం, పార్కులు ఉంటాయి. ఇక్కడ గుళ్లను ఆనుకునే జనం కాపురం ఉంటున్నారు. కేంద్ర పురావస్తు చట్టానికి 2010లో చేసిన సవరణ ప్రకారం రక్షిత కట్టడానికి 100 మీటర్ల లోపు కొత్త నిర్మాణాలు నిషేధం. ఆ తర్వాత 200 మీటర్ల వరకు ముందస్తు అనుమతి తప్పనిసరి. అంటే గుడి పక్కన ఇల్లున్నవాళ్లు పైన ఒక గది వేసుకోవాలన్నా చట్టం అడ్డొస్తుంది. చరిత్రను కాపాడే భారంలో పెద్ద వాటా మోస్తున్నది వాళ్లే. పర్యాటకులు గంటలో వెళ్లిపోకుండా రోజంతా ఉంటే, ఇక్కడే తిని, ఇక్కడే కొంటే, ఆ కుటుంబాలకు కనీసం కొంత ప్రతిఫలం దక్కుతుంది.

పొలం దున్నేటప్పుడో, పునాది తీసేటప్పుడో నాణేలు, విగ్రహాలు బయటపడితే దాచకూడదు. 1878 నాటి నిధి నిక్షేపాల చట్టం ప్రకారం కలెక్టర్‌కు తెలియజేయాలి. ఏ చోట, ఎంత లోతులో దొరికిందో తెలిస్తేనే దానికి చరిత్ర విలువ.

రాజధాని ఎందుకు మారింది?

1078లో పట్టాభిషేకం చేసుకున్న అనంతవర్మ చోడగంగుడు దాదాపు 70 ఏళ్లు పాలించాడు. తండ్రి గాంగ రాజు, తల్లి చోళ రాకుమారి. అయినా చోళులతో యుద్ధం తప్పలేదు. 1110 ప్రాంతంలో కులోత్తుంగ చోళుడి సేనాని కళింగం మీద దండెత్తాడు. ఆ యుద్ధం మీద తమిళంలో 'కళింగత్తుప్పరణి' అనే కావ్యమే ఉంది.

తర్వాత చోడగంగుడు ఉత్తరాన ఉత్కళాన్ని గెలిచి, రాజ్యాన్ని గంగ నుంచి గోదావరి దాకా విస్తరించాడు. అంత పెద్ద రాజ్యానికి వంశధార ఒడ్డు దక్షిణపు అంచుకు దగ్గరైపోయింది. రాజధాని మహానది తీరంలోని కటకానికి మారింది. పూరీలో ఇప్పుడున్న జగన్నాథాలయాన్ని మొదలుపెట్టింది చోడగంగుడే. 13వ శతాబ్దంలో కోణార్క్ కట్టించిన నరసింహదేవుడిదీ ఈ వంశమే. పూరీ, కోణార్క్‌లు చూసి మురిసిపోయే మనవాళ్లు ఆ రాజుల మొదటి ఇల్లు శ్రీకాకుళం జిల్లాలోనే ఉందన్న సంగతి మర్చిపోకూడదు.

మధ్యాహ్నం: వంశధార వెంట సముద్రం దాకా

ముఖలింగంలో ఉదయం గడిపాక తిరుగు ప్రయాణంలో మరో రెండు చోట్లు కలుపుకోవచ్చు. నరసన్నపేట మీదుగా వచ్చి మడపాం దగ్గర వంశధార వంతెన దాటితే గార మండలం వైపు వెళ్లొచ్చు.

శాలిహుండం: వంశధార కుడి గట్టున కొండ మీద ఉన్న బౌద్ధక్షేత్రం. స్తూపాలు, చైత్యాలు, తార, మారీచి విగ్రహాలు బయటపడ్డాయి. దీన్ని 1919లో వెలుగులోకి తెచ్చిందీ గిడుగువారే. కొండ మీంచి నది మలుపు కనిపిస్తుంది.

కళింగపట్నం: వంశధార సముద్రంలో కలిసే చోటు. పాత రేవు పట్టణం. సాయంత్రం వేళ బీచ్, లైట్‌హౌస్ చూడొచ్చు.

నది పైన రాజధాని, మధ్యలో బౌద్ధారామం, చివర్లో రేవు. మూడూ ఒకే రోజు చూస్తే ఒక రాజ్యం ఎలా బతికిందో కళ్లకు కడుతుంది.

గైడ్‌ను ఇవి అడగండి

తెలిసిన చరిత్ర అధ్యాపకులు గానీ, గైడ్ గానీ తోడుంటే మంచిది. పురాణ కథలతోనే సరిపెట్టకుండా ఈ ప్రశ్నలు వేయండి...

- 'నగరం' అనే మాట ఉన్న శాసనం ఏది? ఎక్కడుంది?
- ఈ శిల్పం మొదటి నుంచి ఇక్కడే ఉందా, తర్వాత తెచ్చి పెట్టారా?
- మీరు చెప్పేది శాసనంలో ఉన్నదా, ఊళ్లో చెప్పుకునేదా?

రెండూ వినాల్సినవే. కానీ ఏది ఏదో తెలిసి వినాలి.

వెళ్లేవారికి

- శ్రీకాకుళం నుంచి నరసన్నపేట మీదుగా సుమారు 46 కి.మీ. రైల్లో వచ్చేవారు శ్రీకాకుళం రోడ్ (ఆమదాలవలస) స్టేషన్‌లో దిగొచ్చు. దగ్గర్లోని చిన్న స్టేషన్ తిలారు.
- ఉదయం త్వరగా చేరుకోండి. మధ్యాహ్నం గర్భగుడి తలుపులు మూసే వేళ ముందే కనుక్కోండి.
- శాసనాలు చదవడానికి ఏటవాలు ఎండ మంచిది. నడినెత్తిన ఎండ ఉంటే అక్షరాలు సరిగా కనిపించవు.
- గర్భగుడిలో ఫొటోలు తీయొద్దు. బయట కూడా సిబ్బందిని అడిగాకే తీయండి.
- శివరాత్రి తర్వాత జరిగే చక్రతీర్థ స్నానానికి ఒడిశా నుంచి కూడా వేలల్లో భక్తులు వస్తారు. ఉత్సవం చూడాలంటే అప్పుడు వెళ్లాలి, రాజధాని చూడాలంటే మాత్రం మామూలు రోజే మేలు.