ఎల్‌బీ నగర్ మట్టి ఎర్రగా ఎందుకుంటుంది?

హైదరాబాద్‌లో దిల్‌సుఖ్‌నగర్, ఎల్‌బీ నగర్ వైపు ఎక్కడైనా ఇంటికి పునాది తవ్వుతుంటే గోతి అంచును గమనించండి. సాధారణంగా పైన ఎర్రమట్టి, దాని కింద గరుకు మొరం, ఇంకా లోతున గట్టి బండ కనిపిస్తాయి. ఆ గ్రానైట్ బండే మాతృశిల. మట్టి పుట్టింది దాని నుంచే.

ఎరుపు ఎలా వచ్చింది?

హైదరాబాద్ గ్రానైట్ వయసు దాదాపు 250 కోట్ల ఏళ్లు. ఎండావానలకు అది పగిలి పొడి అవుతుంది. అందులోని ఇనుము గాలి, నీరు తగిలి ఆక్సైడ్‌గా మారుతుంది. తుప్పుకు రంగునిచ్చేదీ అదే! గ్రానైట్‌లోని క్వార్ట్జ్ మాత్రం తేలిగ్గా కరగదు, ఇసుకగా మిగిలిపోతుంది. అందుకే చల్క అనే ఈ ఎర్ర ఇసుక నేలల్లో నీళ్లు త్వరగా ఇంకిపోతాయి.

మరి నల్లరేగడి?

వికారాబాద్ వైపు వెళ్తే లావా గడ్డకట్టిన బసాల్ట్ రాయి ఉంది. దాని నుంచి వచ్చిన రేగడిలో బంకమన్ను ఎక్కువ. తడిస్తే ఉబ్బుతుంది, ఎండితే నెర్రెలిస్తుంది.

నేల రకం తెలియడానికి రంగు చూస్తే చాలా?

చాలదు. కెనడాలోని ప్రెయిరీ గడ్డి మైదానాల్లోనూ నల్ల నేలలున్నాయి. కానీ అక్కడి నలుపు గడ్డి కుళ్లి ఏర్పడిన హ్యూమస్‌ది. మన రేగడిలో హ్యూమస్ తక్కువ. అందుకే శాస్త్రవేత్తలు పొరలు, బంకమన్ను పాళ్లు, పగుళ్లు కూడా చూసి వర్గీకరిస్తారు. చల్కల్లో చాలావాటిని ఆల్ఫిసోల్ అనీ, రేగడిని వర్టిసోల్ అనీ అంటారు. 1972లో పటాన్‌చెరులో ఏర్పడిన అంతర్జాతీయ పంటల పరిశోధన సంస్థ ఇక్రిశాట్ పొలాల్లో ఈ రెండూ ఉన్నాయి.

మీరే పరీక్షించండి

తడి మట్టిని వేళ్ల మధ్య నొక్కి రిబ్బన్‌లా సాగదీయండి. వెంటనే తెగితే ఇసుక ఎక్కువ, పొడవుగా సాగితే బంకమన్ను ఎక్కువ.

అంగుళం మట్టి తయారవడానికి వందల ఏళ్లు పడుతుంది. మీ ఇంటి ముందు చెట్టు మొదలు చుట్టూ సిమెంటు పోస్తుంటే, కాస్త నేల వదలమని పెద్దలను అడగండి.