వారంటీ పత్రం
వస్తువు నిర్మాణంలోని లోపానికి తయారీదారు వహించే బాధ్యతే వారంటీ. ఫలక్‌నుమాలో ఒక గృహస్థుడు టీవీ కొన్నాడనుకొందాం. గడువులోగా తెర దానంతటదే ఆరిపోతే సంస్థ ఉచితంగా బాగుచేయాలి. బంతి తగిలి తెర పగిలినా, విద్యుత్తు హెచ్చుతగ్గులకు లోపలి భాగాలు కాలిపోయినా, గుర్తింపులేని మెకానిక్ విప్పినా సాధారణంగా వారంటీ వర్తించదు. తెరకు, రిమోటుకు గడువులు వేరువేరుగా ఉండవచ్చు. కావున కొన్ననాడే షరతులు చదవాలి. రసీదును, తేదీ వేసిన కార్డును భద్రపరచాలి. దుకాణదారు నోటిమాటగా చెప్పినదానిని వ్రాయించుకోవాలి.

వర్తించే హామీని సంస్థ నిరాకరిస్తే 1915 నంబరుకు ఫోను చేసి సలహా పొందవచ్చు. 2019 నాటి వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం, వివాదం తలెత్తిన 2 సంవత్సరాలలోగా జిల్లా కమిషన్‌ను ఆశ్రయించవచ్చు. సంస్థ ఏ ఊరిలో ఉన్నా, వినియోగదారుడు తాను నివసించే జిల్లాలోనే ఫిర్యాదు చేయవచ్చు. చెల్లించిన వెలలోనే ఈ హక్కు కూడా ఇమిడి ఉన్నది.