గడ్డకట్టిన నేల కరిగితే బయటికి వచ్చేది ఏమిటి?

ఉత్తర ధ్రువం దగ్గర మంచు కరిగి, వేల ఏళ్లుగా నిద్రపోతున్న వైరస్‌లు లేచి వస్తున్నాయనే వీడియోలు మన సంఘాల వాట్సాప్ గ్రూపుల్లో తిరుగుతూనే ఉంటాయి. కొన్నింటి చివర ‘ఇది అంత్యదినాల సూచన’ అనే మాట కూడా జోడిస్తారు. అది చూసి భయపడిన పెద్దవాళ్లు పాస్టరుగారిని అడుగుతారు. ఆయనకు మాత్రం ఎవరు చెప్పారు? అందుకే ఈ వారం ఆ సంగతి కాస్త నిదానంగా చూద్దాం. ఆ వీడియోల్లో కొంత నిజం ఉంది. అయితే అవి భయపెట్టే విషయం ఒకటి, మనం నిజంగా పట్టించుకోవలసిన విషయం మరొకటి.

కరుగుతున్నదాన్ని మంచు అనడమే మొదటి పొరపాటు. అది నేల. మట్టి, ఇసుక, రాయి, చచ్చిన మొక్కల వేళ్లు, మధ్యమధ్యలో మంచు పలకలు, అన్నీ కలిసి రాయిలా బిగుసుకుపోయి ఉంటాయి. వరుసగా రెండేళ్లయినా సున్నా డిగ్రీలకు పైకి రాని నేలను శాస్త్రవేత్తలు పెర్మాఫ్రాస్ట్ అంటారు. సైబీరియా, అలాస్కా, ఉత్తర కెనడాలలో ఇది విస్తారంగా ఉంది. ఉత్తరార్ధగోళపు భూభాగంలో ఇంచుమించు నాలుగో వంతు పెర్మాఫ్రాస్ట్ ప్రాంతమే. ఉత్తర సైబీరియాలో కొన్నిచోట్ల ఇది 1,500 మీటర్ల లోతు వరకూ ఉంది. వేసవిలో పైన ఒక మీటరో, అంతకంటే తక్కువో కరుగుతుంది. అందులోనే గడ్డి మొలుస్తుంది, పొదలు పెరుగుతాయి. చలికాలం రాగానే మళ్లీ బిగుసుకుంటుంది. ఇప్పుడు జరుగుతున్నదేమిటంటే, ఏటేటా కరిగే ఆ పొర లోతు పెరుగుతోంది. 1979 నుంచి చూస్తే భూగోళం మొత్తం సగటు కంటే ఉత్తర ధ్రువ ప్రాంతం దాదాపు నాలుగు రెట్లు వేగంగా వేడెక్కింది.

అక్కడ వేల ఏళ్లుగా రాలిన ఆకు, చచ్చిన గడ్డి, జంతువుల కళేబరం పూర్తిగా కుళ్లలేదు. కుళ్లబెట్టే సూక్ష్మజీవులకు ఆ చలిలో పని సాగదు. కరెంటు ఉన్నంతసేపూ ఫ్రిజ్‌లో మాంసం నిలవ ఉంటుంది, కరెంటు పోయి రెండు రోజులైతే వాసన వస్తుంది. ఇదీ అంతే. నేల కరగగానే సూక్ష్మజీవులు పని మొదలుపెడతాయి. గాలి ఆడే పొడినేలలో అయితే కార్బన్ డయాక్సైడ్ వస్తుంది. నీళ్లు నిలిచిన చోట మీథేన్ వస్తుంది. ఇది మన రైతులకు కొత్త కాదు. నీళ్లు నిలగట్టిన వరిమడిలో కాలు పెట్టినప్పుడు, చెరువు అడుగు బురద కదిపినప్పుడు పైకి వచ్చే బుడగల్లో ఉండేది చాలావరకు ఆ మీథేనే. వందేళ్ల లెక్కన చూస్తే అది కార్బన్ డయాక్సైడ్ కంటే సుమారు 28 రెట్లు ఎక్కువ వేడిని పట్టి ఉంచుతుంది.

ఆ నేలలో నిలవ ఉన్న కార్బన్ సుమారు ఒకటిన్నర లక్షల కోట్ల టన్నులు. ఇప్పుడు మన గాలిలో ఉన్న కార్బన్‌కు ఇది దాదాపు రెట్టింపు. ఈ అంకె చూపించి ‘బాంబు పేలబోతోంది’ అనేవాళ్లు ఉన్నారు. అలా ఒక్కసారిగా పేలదు. భూమి ఒక్కో డిగ్రీ వేడెక్కిన కొద్దీ ఈ శతాబ్దం చివరికి సుమారు 1,800 కోట్ల టన్నుల కార్బన్ ఈ నేల నుంచి కార్బన్ డయాక్సైడ్ రూపంలో రావచ్చని ఐక్యరాజ్యసమితి వాతావరణ నిపుణుల బృందం ఐపీసీసీ 2021లో అంచనా కట్టింది. ఆ అంచనా చాలా తక్కువా కావచ్చు, రెట్టింపుకు పైగానూ కావచ్చని కూడా వాళ్లే చెప్పారు. పోలిక కోసం, ప్రపంచమంతా బొగ్గు, చమురు, గ్యాస్ కాల్చి ఒక్క ఏడాదిలో వదిలే కార్బన్ సుమారు వెయ్యి కోట్ల టన్నులు. అంటే అసలు బరువు ఇంకా మన చేతిలోనే ఉంది. కాకపోతే ఒక తేడా. ఫ్యాక్టరీ పొగను మనం ఆపవచ్చు. కరిగిన నేలను తిరిగి గడ్డకట్టించే మీట ఎవరి దగ్గరా లేదు.

ఇక వైరస్‌ల సంగతి. ఇందులో మన సంఘాలు తప్పక తెలుసుకోవలసిన కథ ఒకటి ఉంది.

అలాస్కా పశ్చిమ తీరంలో బ్రెవిగ్ మిషన్ అనే చిన్న ఊరు ఉంది. అక్కడ సేవ చేసిన నార్వే మూలాలున్న లూథరన్ పాదిరి బ్రెవిగ్ పేరే ఆ ఊరికి నిలిచింది. మన గుంటూరు, రాజమండ్రి వైపు లూథరన్ సంఘాల్లో పుట్టి పెరిగినవారికి మిషన్ పేరు ఊరి పేరుగా మారడం వింతగా అనిపించదు. 1918 నవంబరులో ఇన్‌ఫ్లుయెంజా ఆ ఊరికి చేరింది. 15 నుంచి 20వ తేదీ లోపల, ఆ ఐదు రోజుల్లోనే, ఊళ్లోని 80 మంది పెద్దల్లో 72 మంది చనిపోయారు. పాతిపెట్టడానికి మనుషులు లేరు. ప్రభుత్వం నోమ్ పట్టణం నుంచి బంగారు గనుల కూలీలను పిలిపించి, గడ్డకట్టిన నేలలో ఒకే గొయ్యి తవ్వించి, అందరినీ అందులో పెట్టించింది. గుర్తుగా సిలువలు నాటారు. అదే జబ్బు ఆ ఏడాది మన దేశంలోనూ కోటి మందికి పైగా ప్రాణాలు తీసింది.

1951లో స్వీడన్‌లో పుట్టిన యోహాన్ హుల్టిన్ అనే యువ పరిశోధకుడు ఆ ఊరికి వెళ్లారు. గోరీ తవ్వాలంటే ఎవరిని అడగాలి? ఆయన ముందుగా ఊరి పెద్దలను అడిగారు. వాళ్లు ఒప్పుకున్నాకే గడ్డపార పట్టారు. మంట వేసి నేలను కొంచెం కొంచెంగా కరిగించి, ఊపిరితిత్తుల ముక్కలు సేకరించారు. ప్రయోగశాలలో వాటి నుంచి వైరస్‌ను బతికించాలని ఎంత ప్రయత్నించినా ఏమీ మొలవలేదు.

నలభై ఆరేళ్ల తరువాత, 1997లో, జెఫ్రీ టాబెన్‌బర్గర్ బృందం అమెరికా సైన్యపు పాథాలజీ సంస్థలో దాచి ఉంచిన 1918 నాటి కణజాలంలో ఆ వైరస్ జన్యువుల ముక్కలు గుర్తించిందని హుల్టిన్ చదివారు. అప్పటికి ఆయన వయసు 72. సొంత డబ్బు పెట్టుకుని మళ్లీ అదే ఊరికి వెళ్లి, మళ్లీ ఊరివాళ్లను అడిగి, మళ్లీ తవ్వారు. స్థూలకాయురాలైన ఒక స్త్రీ దేహం దొరికింది. ఒంటి కొవ్వు వల్ల, నేల చలి వల్ల ఆమె ఊపిరితిత్తులు పాడవకుండా ఉన్నాయి. ఆయన ఆమెకు లూసీ అని పేరు పెట్టుకున్నారు. ఆమె నుంచి వచ్చిన ముక్కలతోనే ఆ వైరస్ జన్యుక్రమం అంతా తెలిసింది. 2005లో అది పూర్తిగా ప్రచురితమైంది. నేటి ఫ్లూ వైరస్‌లను అర్థం చేసుకోవడానికి ఆ జ్ఞానం పనికివస్తోంది. తవ్విన గోరీ పూడ్చాక, పాత సిలువలు లేవని చూసి, హుల్టిన్ ఆ ఊరి బడిలోని వడ్రంగి గదిలో రెండు కొత్త సిలువలు తయారుచేసి అక్కడ నిలబెట్టారు.

వీడియోలు చెప్పని సంగతి ఇక్కడే ఉంది. డెబ్బై తొమ్మిదేళ్లు గడ్డకట్టిన నేలలో ఉన్నా ఆ వైరస్ బతికి లేదు. దొరికినవి దాని జన్యువుల తునకలే. 2014లో ఫ్రాన్స్ శాస్త్రవేత్తలు సైబీరియా మట్టి నుంచి 30,000 ఏళ్ల నాటి ఒక పెద్ద వైరస్‌ను బతికించిన మాట నిజమే. అది అమీబాలకు సోకేది, మనుషులకు కాదు. రేపు మనిషికి హాని చేసేది ఏదీ రాదని ఎవరూ రాసి ఇవ్వలేరు. కానీ ఇప్పటివరకు తెలిసినదాన్ని బట్టి రాత్రి నిద్ర పోగొట్టుకోవలసినంత విషయం అది కాదు.

బ్యాక్టీరియా సంగతి వేరు. ఆంత్రాక్స్, అంటే మన పశువుల కాపరులు దొమ్మ రోగం అనేది, విత్తనం లాంటి గట్టి గుళిక రూపంలో మట్టిలో దశాబ్దాల పాటు ఉండగలదు. విశాఖ మన్యంలో చచ్చిన పశువు మాంసం తిన్నవారికి ఇది సోకిన సందర్భాలు ఉన్నాయి. 2016 వేసవిలో సైబీరియాలోని యమల్ ద్వీపకల్పంలో ఎండ 35 డిగ్రీల దాకా వెళ్లింది. అక్కడ 1941 తరువాత మళ్లీ కనిపించని ఈ రోగం ఒక్కసారిగా లేచింది. రెండు వేలకు పైగా రెయిన్‌డీర్లు చచ్చాయి. పన్నెండేళ్ల బాలుడు ఒకడు చనిపోయాడు. పాత కళేబరం ఉన్న నేల కరిగి రోగం బయటపడిందని ఎక్కువమంది నమ్ముతున్నారు. అయితే అక్కడి రెయిన్‌డీర్లకు టీకాలు వేయడం 2007లో ఆపేశారు. నేల కరగడం మనుషుల చేతుల్లో లేకపోయి ఉండవచ్చు, టీకాలు ఆపడం మాత్రం మనుషుల నిర్ణయమే. ఆ పిల్లవాడి చావును వాతావరణం మీదికి మాత్రమే నెట్టేయడం న్యాయం కాదని మా అభిప్రాయం.

ఈ నేల నుంచి వచ్చేవన్నీ చెడ్డవి కావు. 2018లో సైబీరియాలోని బటగాయ్ పెద్ద గుంటలో 42,000 ఏళ్ల నాటి గుర్రప్పిల్ల వెంట్రుకలతో సహా దొరికింది. ఉడుత దాచుకున్న 30,000 ఏళ్ల పైబడిన కాయల కణజాలం నుంచి రష్యా శాస్త్రవేత్తలు 2012లో తెల్లపూలు పూసే మొక్కను పెంచారు.

అంత నమ్మకంగా దాచిపెట్టే నేల కాబట్టే నార్వేలోని స్వాల్బార్డ్ దీవిలో, కొండ లోపల, ప్రపంచపు పంట విత్తనాల ఖజానాను 2008లో తెరిచారు. మన పటాన్‌చెరులోని ఇక్రిశాట్ కూడా జొన్న, సజ్జ, కంది, శనగ, వేరుశనగ విత్తనాలను అక్కడ దాచింది. 2016లో వేడి, వానల వల్ల ఆ ఖజానా ప్రవేశ సొరంగంలోకి నీళ్లు వచ్చాయి. విత్తనాలకు ఏమీ కాలేదు. కానీ చుట్టూ ఉన్న నేల తనంతట తానే గడ్డకట్టి ఉంటుందనే భరోసా పోయి, సొరంగానికి మరమ్మతులు చేయవలసి వచ్చింది.

అన్నిటికంటే దగ్గరగా ఈ దెబ్బ తిన్నది అక్కడ కాపురం ఉన్నవారే. అలాస్కాలో న్యూటాక్ అనే యూపిక్ ప్రజల ఊరు ఉండేది. జనాభా సుమారు 350. ఊరి కింది నేల కరిగి ఇళ్లు ఒరిగాయి, పక్కనున్న నింగ్లిక్ నది ఏటా ఒడ్డును కోసుకుంటూ ఇళ్ల దాకా వచ్చింది. బొగ్గు, చమురు కాల్చి లోకాన్ని వేడెక్కించినవారిలో ఆ 350 మంది వాటా ఎంతని? ఊరు మారాలని వాళ్లు 1990లలోనే నిర్ణయించుకున్నారు. 2003లో అమెరికా కాంగ్రెస్ స్థలం మార్పిడికి ఒప్పుకుంది. నదికి అవతల, సుమారు 14 కిలోమీటర్ల దూరంలో, మెర్టార్విక్ అనే చోట కొత్త ఊరు కట్టడం మొదలైంది. మొదటి కుటుంబాలు 2019 అక్టోబరులో అక్కడికి వెళ్లాయి. మిగిలినవారు మరో ఐదేళ్లు ఒరిగిన ఇళ్లలోనే ఉండి, 2024లో నది దాటారు.